కీర్తిమందిరంలో శూన్యరేఖ

2079 నాటికి విశాఖ సాగరతీరంలోని ఆటల కీర్తిమందిరానికి వచ్చేవాళ్లు గుమ్మం దగ్గరే చెప్పులు విడిచేవారు. విడవమని బోర్డేమీ లేదు. గాజు అరల్లో కొలువుదీరిన పాత వీడియో గేములను చూడగానే జనానికి అలా తోచేది, అంతే. తాతలు మనవళ్లను ఎత్తుకుని, "నీ అంతున్నప్పుడు దీంతోనేరా నేను ఆడింది" అని అద్దాన్ని తాకి, ఆ చేతిని కళ్లకద్దుకునేవారు.

ఆ అరల్లో చోటు దొరకడం తేలిక కాదు. ఆ తరం యంత్రాలన్నీ మూలపడ్డాయి. చాలా ఆటలకు మందిరంలో ఉన్న ప్రతే ఆఖరిది. వాటిని దాచే జ్ఞాపకనిధిలో స్థలం తక్కువ. అందుకని మనుషుల మీద ముద్ర వేసిన ఆటకు పీఠం, వేయనిదానికి చెరిపివేత. ఏది ఏదో తేల్చేది ముద్రామాపకం.

దాన్ని తయారుచేసిన డాక్టర్ లాస్యకు అరవై ఏళ్లు. పెళ్లి, పిల్లలు, ప్రయోగశాల, అప్పన్న స్వామి పూజ, అన్నీ వేళ తప్పకుండా నడుపుకొచ్చిన మనిషి. ఆవిడ కనిపెట్టిన సూత్రం చెప్పుకోవడానికి చాలా చిన్నది. బాగా ఆడిన ఆట తలలో మరుగునపడినా వేళ్ల నరాల్లో మిగిలే ఉంటుంది. అరచేతులు గాజుపలక మీద పెట్టి ఎదుటి గోడ మీద ఆటను రెండు క్షణాలు చూపిస్తే, వేళ్లు కంటికి కనపడనంత సన్నగా కదులుతాయి. ఆ నాడీముద్రను యంత్రం అంకెల్లో చెబుతుంది. అయితే ఏ చేయైనా ఊరికే కూడా కొంత వణుకుతుంది. ఆ వణుకును తీసేయాలంటే జన్మలో ఆట ముట్టని మనిషి చెయ్యొకటి కావాలి. అదే ఆటను చూస్తూ ఆ చేయి గీసిన గీతే శూన్యరేఖ. అందరి ముద్రలోంచీ ఆ గీతను తీసేస్తారు.

పన్నెండేళ్లుగా ఆ శూన్యరేఖ లాస్యదే. "ఆట ముట్టని మనిషి కోసం ఊరంతా వెతకడం దేనికి? మా చెల్లెలు ఉందిగా" అని ఆమె అన్నయ్య రిత్విక్ అప్పట్లో తేల్చేశాడు. ఇప్పుడాయన మందిరానికి అధిపతి. రోజూ యంత్రాన్ని మేల్కొలిపే ముందు లాస్య దానికి కుంకుమబొట్టు పెట్టి, "స్వామీ, నేను సున్నాను" అనుకునేది. ఆ మాట అనుకున్నప్పుడల్లా మనసు తేలికపడేది. కొంచెం గొప్పగా కూడా ఉండేది.

ఆ శుక్రవారం సాయంత్రం ఐదు గంటలకు 'రేవు దాటు' అనే ఆటను చెరిపేయాలి. నాలుగుంబావుకు దాన్ని తయారుచేసిన వీరబాబు వచ్చి యంత్రం ముందు కూర్చున్నాడు. ఎనభై అయిదేళ్ల కోనసీమ మనిషి. వరద గోదావరిలో లాంచీని సుడిగుండాలకు చిక్కకుండా అవతలి రేవుకు చేర్చడమే ఆ ఆట.

"పన్నెండు వందల మందిని కొలిచామండీ. అందరికీ సున్నాయే వచ్చింది" అంది లాస్య.

"ఆయ్, జనం మర్చిపోయుంటారండి. అదేం తప్పు కాదు. అది పోయేముందు నా చేతులు కూడా ఓసారి చూడండమ్మా. మూడేళ్లు కూడు నీళ్లూ లేకుండా చేశానండి దాన్ని."

ఆయన అరచేతులు పలక మీద ఆన్చాడు. గోడ మీద లాంచీ కదిలింది. యంత్రం సున్నా చూపించింది.

వీరబాబు చేతులు తిప్పి చూసుకున్నాడు. "నేను కన్న ఆట నా చేతుల్లోనే లేదా తల్లీ?"

లాస్య యంత్రం వైపు తిరిగింది. జనం మర్చిపోతే మర్చిపోవచ్చు, ఈయన ఎలా మర్చిపోతాడు? యంత్రం లోపలి లెక్క తెరిచింది. అక్కడున్నది సున్నా కాదు, సున్నాకు పద్నాలుగు తక్కువ. సున్నాకంటే తక్కువ వస్తే సున్నాగానే చూపించమని పన్నెండేళ్ల కిందట తనే రాసింది. ఏమీ లేనిదానికంటే తక్కువ ఉండదు కదా అనుకుంది అప్పుడు.

ఈయన ముద్ర శూన్యరేఖకంటే తక్కువైతే, శూన్యరేఖలోనే ఏదో ఉండాలి.

నాలుగున్నర దాటింది. లాస్య ఇప్పటిదాకా చెరిపేసిన ఆటల జాబితా తీసింది. నలభై ఒకటి. మొదటి పేరు చదివింది, రెండోది చదివింది. మూడో పేరు దగ్గర కూర్చుండిపోయింది. అన్నీ చిన్నప్పుడు గాజువాక ఇంట్లో, బాల్కనీ పక్క గదిలో, అన్నయ్య ఆడిన ఆటలే.

రిత్విక్ హడావిడిగా లోపలికొచ్చాడు. "ఏమే, ఇంకా కానివ్వలేదా? అయిదుకి నిధి దానంతటదే చెరిపేస్తుంది. పాపం పెద్దాయన్ని ఎందుకు కూర్చోబెట్టావు?"

"అన్నయ్యా, నువ్వు ఆడుకునేటప్పుడు నేనెక్కడ కూర్చునేదాన్ని?"

"ఇప్పుడదేం ప్రశ్నే?"

"చెప్పు."

"నా పక్కనే. చిప్స్ ప్యాకెట్ ఒళ్లో పెట్టుకుని. నువ్వు తినవు, నన్ను ఆడనివ్వవు, కరకరమని ఒకటే చప్పుడు."

"అది తినే చప్పుడు కాదు. ప్యాకెట్ కింద నా వేళ్లు ఆడేవి. ఆరేళ్లు. నువ్వు ఎడమకి తిప్పితే నేనూ ఎడమకి తిప్పేదాన్ని. నువ్వు ఓడిపోయే చోట నేను దాటేదాన్ని."

రిత్విక్ ముఖంలో రంగు మారింది. "ముట్టలేదన్నావు కదే!"

"ముట్టనిచ్చావా? ఈ ఒక్క లైఫ్ అయిపోగానే ఇస్తా అనేవాడివి, రోజూ."

ఆయన తలుపు దగ్గరకు వేసి, పెద్దాయనకు వినపడకుండా గొంతు తగ్గించాడు. "ఇది బయటికొస్తే నీ పేరు, నా పేరు, మందిరం పేరు, అన్నీ గంగలో కలుస్తాయి. పన్నెండేళ్ల తీర్పులే! ఈ ఒక్కటీ పోనీ. సోమవారం నుంచి గుట్టుగా సరిచేద్దాం."

"నలభై ఒకటీ అలాగే పోయాయి. నా వేళ్లలోని ఆశనే అందరి ముద్రల్లోంచీ తీసేశాను. దాన్ని సున్నా అని పూజ కూడా చేశాను." మాట్లాడుతూనే ఆవిడ చేతులు పనిచేస్తున్నాయి. తన శూన్యరేఖను చెరిపేసింది. ఆటకు ముందు ప్రతి మనిషికీ ఖాళీ గోడను చూపించి, ఆ చేతుల వణుకునే ఆ చేతులకు సున్నాగా పెట్టేలా మార్చింది. ఎవరి సున్నా వాళ్లదే. పన్నెండేళ్ల కిందటే ఇది ఎందుకు తట్టలేదో ఆవిడకు తెలియలేదు. సున్నాగా ఉండడం బాగుండడం వల్లనేమో.

నాలుగూ యాభై ఒకటి. వీరబాబు మళ్లీ చేతులు పెట్టాడు. ఎనభై మూడు వచ్చింది. ముసలాయన కళ్లొత్తుకున్నాడు.

తర్వాత లాస్య పెట్టింది. తొంభై ఏడు. మందిరంలో అంతటి అంకె ఎవరూ ఎన్నడూ చూడలేదు.

"ఇదెక్కడి చోద్యమండీ! చేసినోడికన్నా చూసినోళ్లకే ఎక్కువుందే!" అన్నాడు వీరబాబు.

రిత్విక్ ఆ అంకెనే చూస్తూ నిలబడ్డాడు. పీఠం ఇవ్వాలంటే అధిపతి వేలిముద్ర పడాలి. లాస్య పలకను ఆయన ముందుకు జరిపింది. నాలుగూ యాభై ఆరు. యాభై ఏడు.

"నువ్వు కాస్త గట్టిగా అడగొచ్చు కదే అప్పుడు" అన్నాడు చివరికి.

"రోజూ అడిగాను."

ఆయన వేలు పెట్టాడు. గోడ మీద ఎర్రగా వెలుగుతున్న 'రేవు దాటు' పేరు ఆకుపచ్చగా మారింది. ముగ్గురూ ఒక్కసారే ఊపిరి వదిలారు.

"ఇంక రేపు పత్రికలవాళ్లకు అన్నీ నేనే చెబుతాను" అంది లాస్య. రిత్విక్ తలూపాడు. అర తాళం తీసి, పాత కంట్రోలర్ తెచ్చి, గోడ మీది ఆటకు కలిపి, చెల్లెలి చేతిలో పెట్టాడు. "ఇదిగో. నీ వంతు."

లాస్య దాన్ని కళ్లకద్దుకుంది. లాంచీ రేవు వదిలింది. మొదటి సుడి, రెండో సుడి, అన్నయ్య ఎప్పుడూ మునిగిపోయే మూడో సుడి. ఎడమకు మూడుసార్లు నొక్కి ఆగింది. లాంచీ దాటింది. ఆవిడ పకపకా నవ్వింది. గడియారంలో అయిదయింది, అయిదున్నర అయింది. సింహాచలం మీద దీపాలు పెట్టే వేళ దాటిపోయింది. పూజ మాటే ఆవిడకు గుర్తురాలేదు.

వీరబాబు కుర్చీ దగ్గరకు జరుపుకున్నాడు. మోకాళ్ల మీద ఆయన వేళ్లు సన్నగా కదులుతున్నాయి.

"అమ్మా, మా ఇంట్లో ఆట యంత్రం పాడయ్యాక ఇరవయ్యేళ్లుగా దీన్ని ముట్టుకోలేదండి" అన్నాడు మొహమాటంగా. "నాకోసారి ఇస్తారా?"

లాస్య గోడ మీంచి చూపు తిప్పలేదు.

"ఉండండి బాబుగారూ. ఈ ఒక్క లైఫ్ అయిపోగానే ఇచ్చేస్తాను."

వెనక నిలబడ్డ రిత్విక్ తల దించుకున్నాడు.