బొమ్మకిచ్చిన నడక

ఆదివారం పొద్దున పెసరట్లు తిని చేతులు కడుక్కోగానే అపూర్వ తన ఫోన్‌ని టీవీకి కలిపింది. వాళ్ల నాన్న విఠల్ పెళ్లైన కొత్తలో సినిమా తారల్ని ఆటపట్టిస్తూ గీసిన కార్టూన్ చిత్రం రీలు ఏదో పాత గోడౌన్‌లో దొరికిందట. బెజవాడ ఫిల్మ్ సొసైటీ వాళ్లు దాన్ని బాగుచేయించి పంపారు. వచ్చే శనివారం హాల్లో వేసి ఆయనకు శాలువా కప్పుతారట. డెబ్బై దాటాక వస్తున్న గౌరవం మరి, ఆయన కాలు ఒకచోట నిలవడం లేదు.

ఆయన భార్య హైమవతి ఆ చిత్రం ఎప్పుడూ చూడలేదు. దాన్ని హాళ్లలో అసలు సినిమాకి ముందు వేసిన రోజుల్లో ఆవిడ పురిటికి చల్లపల్లిలో ఉంది. అంతకుముందు బొమ్మలు గీస్తూ ఆయన, "హైమా, ఈ గోడ నుంచి ఆ గోడ దాకా నడువు" అనేవాడు. నడిచేది. మళ్లీ నడవమనేవాడు. చిన్నప్పుడు మేడమెట్ల మీద పడి ఎడమకాలు కాస్త పొట్టిదైన మనిషి ఆవిడ. పెళ్లిచూపుల్లో నడిపించకుండా ముందే తెచ్చి కూర్చోబెట్టారు. అలాంటి నడకని కట్టుకున్నవాడు కన్నార్పకుండా చూస్తుంటే ఆవిడకి ఏనుగెక్కినంత సంబరమైంది. ఆ తరవాత బీసెంట్ రోడ్డులోనైనా, పెళ్లి పందిట్లోనైనా ఏనాడూ తల వంచుకుని నడవలేదు.

తెరమీద హీరోలు విగ్గులు ఎగరేసుకుంటూ దొర్లారు. అపూర్వ పడీపడీ నవ్వింది. అంతలో అప్పటి పెద్ద హీరోయిన్ బొమ్మ వచ్చింది. ఇంతింత కళ్లు, ఇంత కొప్పు. మూడడుగులు వేసేసరికి ఎడమవైపు ఒరిగి, భుజం ఎగరేసి, కొంగు సర్దుకుంది. ఒరిగినప్పుడల్లా డప్పు మోత. విఠల్ తొడ చరుచుకుని, సరిగ్గా ఇక్కడే హాలంతా ఈలలు వేసిందని చెప్పాడు.

"ఆవిడ అలా నడవదండీ," అంది హైమవతి. "అది నా నడక."

అపూర్వ బొమ్మ ఆపేసింది.

"ఎవరో ఒకరు నడిచి చూపిస్తే గానీ బొమ్మకి నడక రాదు హైమా. మా పనే అంత."

"నాతో ఒక మాట చెప్పి అడగొచ్చుగా."

"అడిగానుగా, నడవమని."

అనేశాక గానీ తనేమన్నాడో ఆయనకి తెలియలేదు. అమ్మ కాలుని పదిమందికీ నవ్వులాట చేశావా నాన్నా అని అపూర్వ కడిగేసింది. ఆయన మొహం మాడ్చుకుని, శనివారం వద్దని సొసైటీ వాళ్లకి చెప్పేస్తానన్నాడు.

"వేయించుకోండి," అంది హైమవతి. "ఊరంతా ఎప్పుడో చూసేసింది. నాకే ఆలస్యమైంది. అందరూ దాచుకోమన్న కాలుని మీరొక్కరే ముచ్చటపడి చూశారనుకుని బతికానండీ."

విఠల్ కళ్లు తుడుచుకున్నాడు. తప్పైందన్నాడు, మనసులోంచే అన్నాడు. ఆవిడ తలూపింది కూడా. కానీ ఇన్నేళ్ల సంబరం ఆ ఒక్క మాటతో తిరిగి రాదని ఆ ఇంట్లో అందరికీ తెలుసు.

స్టవ్ మీద పాలు పొంగిన వాసన వచ్చింది. హైమవతి లేవబోయి, వంటింటి దాకా ఉన్న నేలని చూసి మళ్లీ కూర్చుండిపోయింది.

"మీరు కాసేపు అటు తిరగండి," అంది.

ఆయన గోడవైపు తిరిగాకే ఆవిడ లేచింది.