ఆకాశనౌకలో సిద్ది పిల్ల

శనివారం పొద్దున. బగారా అన్నం దమ్ముకు పెట్టి, జహనారా చిన్న కూతుర్ని ముందు కూర్చోబెట్టుకుని వేడి కడ్డీతో దాని జుట్టు సాగదీస్తోంది. సుహానాది అచ్చం తల్లి జుట్టే. రింగులు రింగులుగా, దువ్వెన దిగనంత ఒత్తుగా ఉంటుంది. ఖతర్‌లో, అల్ వక్రాలోని ఆ ఇంటికి చుట్టాలొస్తున్నారంటే చాలు, ఆ రింగులకు మూడినట్టే.

"ఇయ్యాల వద్దమ్మీ. సాయంత్రం కాలేజీల కథ చదివేది నేను. నా జుట్టుతోనే చదువుత."

"మెహర్ ఆపా వస్తున్నదే పిచ్చిదానా! ఫుప్పూ ముందర గీ తలకాయేంది?"

మెహర్ సుల్తానా అంటే జహనారా భర్త ఫరీదుద్దీన్‌కు అక్క. దోహాలోనే కొడుకు గయాజ్ దగ్గర ఉంటుంది. ఆ గయాజ్‌తోనే వచ్చే నెల పెద్దపిల్ల ఇరం నిఖా. ఆపాకు ఖాందాన్ పిచ్చి. ఎవరి తాత ఎవరో తేలందే వాళ్ళింట్లో మంచినీళ్ళు కూడా ముట్టదు మహాతల్లి!

జహనారా పుట్టింది హైదరాబాదు ఏసీ గార్డ్స్‌లో. నిజాం గుర్రపు దళంలో కొలువు చేసిన ఆఫ్రికా సిద్దీల బస్తీ అది. పెళ్ళి మాటలప్పుడు ఫరీదుద్దీన్ అక్క నోటికి జడిసి, "పిల్ల తరఫువాళ్ళు యెమెన్ నుంచి వచ్చిన అరబ్బులు" అని ఒక మాట అనేశాడు. హైదరాబాదులో అలాంటి అరబ్బులూ ఉన్నారు కనక ఆ మాట అతికింది. ఫరీదుద్దీన్ సొంతూరు నిర్మల్‌లో అతికిన ఆ అబద్ధమే విమానమెక్కి ఖతర్ దాకా వచ్చింది.

"అసలేం కథే అది?" అంది జహనారా.

"నల్లోళ్ళు రేపటి కాలాన్ని ఊహించి రాసుకునే కథలు ఉంటయమ్మీ. మా కెన్యా మేడమ్ చెప్తున్నది. ఆకాశంల తిరిగే ఓడలు, వేరే గ్రహాలు, ఏ కథ చూసినా తెల్లోళ్ళే. నల్లోడు కనబడితే గతంలనే, సంకెళ్ళతోనే. గతం ఎట్లనూ గుంజుకున్నరు, రేపటిని గూడ వాళ్ళకే ఇడిసిపెడదమా అంటది మేడమ్."

"గయితే నీకేంది?"

"నా కథల ఒక ఆకాశనౌక ఉన్నది. మర్ఫా డప్పుల దరువు వేస్తెనే కదుల్తది. నడిపేది సిద్ది పిల్ల. పేరు సుర్రయ్యా."

జహనారా చేతిలో కడ్డీ ఆగిపోయింది. సుర్రయ్యా ఆమె దాదీ, నాన్న తల్లి. బస్తీలో మర్ఫా మోగిందంటే వంట వదిలేసి వీధిలోకొచ్చి ఆడిన మనిషి. పిల్లలకు ఆ ముచ్చట్లు చెప్పింది జహనారానే, బయట అనొద్దని ఒట్టు వేయించుకుందీ ఆమే.

మధ్యాహ్నం ఆపా రానే వచ్చింది. అన్నం తింటూ, సాయంత్రం తనూ కాలేజీకి వస్తానంది.

"కథ దేని మీద బేటా?"

సుహానా నోరు తెరిచేలోపే జహనారా అందుకుంది. "ఉత్త కల్పితం ఆపా. ఎవరో హబ్షీలు, ఆఫ్రికోళ్ళు. మనకేం సంబంధం?"

"హబ్షీలా? తోబా తోబా! అరబ్బుల కడుపున పుట్టి గా కథలేంది?"

సుహానా చేతిలో ముద్ద పళ్ళెంలో పడింది. లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది. జహనారా వెనకే వెళ్ళి తలుపు మూసింది.

"ఒక్క మాట మార్చు బిడ్డా. సిద్ది అన్నకాడ అరబ్ అను."

"మార్చ."

"అక్క పెళ్ళి చెడగొడతవా?"

"దాచుమని అక్క అన్నదా? అడిగినవా? రెండొందల ఏండ్ల తర్వాత జరిగే కథ అమ్మీ అది! అప్పుడు గూడ మనం దాక్కోవాల్నా?"

జహనారా కూతురికి రెండు చేతులూ జోడించింది. ఆ చేతుల్ని సుహానా గబుక్కున పట్టుకుని కిందికి దించింది.

"గట్ల మొక్కకు. సరే, అరబ్ అనే చదువుత."

పిల్ల ఏడిస్తే బాగుండేది. ఏడవలేదు.

సాయంత్రం కాలేజీ హాలు నిండింది. ఫరీదుద్దీన్‌కు డ్యూటీ, రాలేదు. నిఖా దగ్గరపడిందని ఇరం ఇల్లు కదల్లేదు. ఆపా పక్కన జహనారా బిగుసుకుని కూర్చుంది. సుహానా ఇంగ్లీషులో చదువుతోంది. జహనారాకు ఇంగ్లీషు అంతంతమాత్రమే, కానీ "అరబ్" అన్న మాట వచ్చినప్పుడల్లా తెలుస్తూనే ఉంది. నిన్నటిదాకా అద్దం ముందు నిలబడి ఎగిరెగిరి చదివిన పిల్ల, ఇప్పుడు ఎవరిదో కథ అప్పజెప్పినట్టు చదువుతోంది.

చదవడం అయ్యాక కెన్యా మేడమ్ అడిగింది. సుహానాకే వినబడేలా కాదు, హాలంతటికీ. కథలోని ఆ దరువు మా కెన్యా తీరాన మోగే దరువులాగే ఉంది, మరి సుర్రయ్యా అరబ్ ఎలా అయింది అని. అరబ్, సుర్రయ్యా అన్న మాటలు జహనారా చెవిన పడ్డాయి. మిగతాది కూతురి ముఖమే చెప్పింది. సుహానా తల వంచుకుని "ఊరికే ఊహించాను" అని గొణిగింది.

జహనారా ఇన్నాళ్ళూ తను దాచింది చచ్చిపోయిన దాదీని అనుకుంది. ఇప్పుడు బతికున్న కూతురు, అందరి ముందూ, తన కోసం దాక్కుంటోంది. ఎలా లేచిందో ఆమెకే తెలియదు.

"తప్పు పిల్లది కాదు మేడమ్. ఆ మాట నేనే మార్పించిన. సుర్రయ్యా నా దాదీ. మేం సిద్దీలం. ఆఫ్రికా నుంచి వచ్చినోళ్ళం. చెప్పు బిడ్డా, వాళ్ళకు అర్థమయ్యేటట్టు చెప్పు."

సుహానా చెప్పడం మొదలుపెట్టింది. "మేము" అన్న మాట దగ్గర తల పైకెత్తింది.

ఆపా చెయ్యి జహనారా కొంగు పట్టి లాగింది. "ఇన్నేండ్లు మా ఖాందాన్‌ల కూసొని అబద్ధమాడినవా?"

"అవు ఆపా. మీ తమ్ముడు మొదలుపెట్టిండు, నేను మోసిన. ఇంక నాతోని కాదు."

"మరి ఇరం?"

"ఇరం గూడ సిద్ది పిల్లనే. తెలిసి చేసుకుంటే చేసుకోండ్రి. లేకుంటే ఇయ్యాలనే చెప్పుండ్రి. నా బిడ్డను నేనే ఓదార్చుకుంట."

ఆపా సంచీ భుజాన వేసుకుని విసురుగా తలుపు వైపు నడిచింది. సుహానా వేదిక మీదినుంచి ఏడుపు గొంతుతో పిలిచింది. "అమ్మీ! అక్కకేం చెప్తం?"

"అక్కతోని నేను మాట్లాడుత. ఏమన్నా అంటే నన్నే అననీ." జహనారా కూర్చోలేదు. "నువ్వు మొదటి నుంచి చదువు. ఎట్ల రాసుకున్నవో గట్లనే చదువు."

సుహానా కళ్ళు తుడుచుకుని మొదలుపెట్టింది. మొదటి వాక్యంలోనే సిద్ది అన్న మాట వచ్చింది. ఈ రోజుదాకా ఇల్లు దాటాక పలకని ఆ మాటను జహనారా కూతురితో పాటు పైకే అనేసింది. వెనక తలుపు తెరుచుకున్న చప్పుడు ఇంకా వినబడలేదు. ఆపా అక్కడే నిలబడి ఉందో, ఏమనుకుంటోందో చూడటానికి ఆమె వెనక్కి తిరగలేదు. కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, కూతుర్నే చూస్తూ వెక్కి వెక్కి ఏడ్చింది.