జమీందారుకు తోడు

"నోరు పూర్తిగా తెరవండి. మాట్లాడే పని నాది," అంది డాక్టర్ రుచిత.

కుర్చీలో వెనక్కి వాలిన కిరీటి నోరు తెరిచాడు. తెరవక చేసేదేమీ లేదు. మత్తు ఇంజెక్షన్ దెబ్బకి ఎడమ చెంప, సగం నాలుక అతని మాట వినడం మానేసి చాలాసేపయింది.

గొడవ అంతకుముందే బయట హాల్లో మొదలైంది. పటమటలో ఓ మందుల షాపు పైన రుచిత క్లినిక్. రిసెప్షన్ బల్ల పక్కన గాజు తొట్టి, అందులో ఒకే ఒక్క ఎర్ర ఫైటర్ చేప. పేరు జమీందారు. పట్టుపంచె కుచ్చెళ్ళలా రెక్కలు జార్చుకుని, ఊరంతా తనదే అన్నట్టు వాడు పచార్లు చేస్తుంటాడు. పంటి నొప్పితో వచ్చిన కిరీటి, కూర్చోవడానికి కుర్చీ ఖాళీగా ఉన్నా కూర్చోకుండా, బైకు తాళంతో గాజు మీద టకటకా కొట్టాడు. అది చాలదన్నట్టు ఫోన్లో సెల్ఫీ కెమెరా తెరిచి వాడి మొహం వాడికే చూపించాడు. ఎవడో పరాయివాడు తన తొట్టిలోకి వచ్చాడనుకుని జమీందారు మొప్పలు విప్పుకుని గాజు మీదికి దూకాడు. కిరీటి పంటి నొప్పి కూడా మరిచిపోయి వీడియో తీసుకున్నాడు.

సరిగ్గా అప్పుడే రుచిత తలుపు తీసింది.

"మిమ్మల్ని ఒక గదిలో పెట్టి, గోడలు బాది, మీకు పడని మనిషిని మీ మొహం ముందు నిలబెట్టి వీడియో తీస్తే ఎలా ఉంటుందండీ?" అందిప్పుడు, డ్రిల్లు చేతిలోకి తీసుకుంటూ.

"ఆ... ఆ..."

"వాడికీ అలాగే ఉంటుంది. గాజు మీద కొడితే ఆ చప్పుడు నీళ్ళలో పిడుగులా వినిపిస్తుంది. ఇంతవరకూ ఎవరూ చెప్పలేదా, లేక చెప్పినా ఎక్కలేదా?"

పని పూర్తయ్యాక కిరీటి లేచి, ఉన్న సగం నాలుకతోనే పరువు నిలబెట్టుకోబోయాడు.

"మాకు హనుమాన్ జంక్షన్ దగ్గర షెరువులున్నాయండీ. షేపలు మాకు తన్నుల్లెక్క."

"ఆ తన్నులే మీకు తక్కువయ్యాయి," అంది రుచిత. "వచ్చే వారం రండి. రూట్ కెనాల్ సగమే అయింది."

రిసెప్షన్‌లో హన్నా నవ్వాపుకోలేక అపాయింట్‌మెంట్ పుస్తకం మొహానికి అడ్డం పెట్టుకుంది.

రుచితకు నోరెక్కువని ఇంట్లో అందరూ అనేమాటే. పెళ్ళిచూపులకొచ్చిన ఒకాయన, "డాక్టరు గారు కొంచెం తక్కువ మాట్లాడితే బాగుండు," అన్నాడట. "ఆయన కొంచెం ఎక్కువ ఆలోచిస్తే ఇంకా బాగుండు," అని ఈమె కబురు పంపింది. వాళ్ళమ్మ శాలిని ఆ తర్వాత సంబంధాల ఊసెత్తడం తగ్గించింది. మగవాళ్ళలో నోరు మూసుకుని, ఉన్నచోట హుందాగా ఉండేవాడు జమీందారు ఒక్కడేనని రుచిత అభిప్రాయం.

వారం తిరిగాక కిరీటి వచ్చాడు. లోపల రుచిత ఒక పెద్దావిడకు పన్ను తీస్తోంది. ఇంతలో హాల్లోంచి హన్నా కేక.

"మేడమ్! కొట్టేసుకుంటున్నాయి!"

రుచిత గ్లవ్స్‌తోనే పరిగెత్తింది. తొట్టిలో జమీందారుతో పాటు మెరిసే నీలం చేప ఒకటి. రెండూ ఒకదాని రెక్కలు ఒకటి పట్టుకుని పీకుతున్నాయి. ఎర్ర ముక్కలు రెండు నీళ్ళలో తేలుతున్నాయి. పక్కన ఖాళీ ప్లాస్టిక్ కవరు పట్టుకుని కిరీటి. తప్పిపోయిన పిల్లాడిలా ఉంది మొహం.

పేషెంట్లు నోరు పుక్కిలించే గ్లాసు అందుకుని రుచిత నీలం చేపను నీళ్ళతో సహా పైకి తీసింది. 

"ఏంటండీ ఇది?"

"సారీ చెబుదామని... పాపం ఒంటరిగా ఉంది కదా, తోడుంటుందని..."

"ఫైటర్ చేప! పేరులోనే ఉంది. మగవి రెండు ఒకే తొట్టిలో ఉంటే ఒకటి చచ్చేదాకా ఆగవు. మీరేం చదివారు?"

"బీటెక్ అండీ."

"అదే అనుకున్నాను."

కిరీటి తలొంచుకున్నాడు. "దీన్ని షాపులో తిరిగిచ్చేస్తానండీ."

"ఇచ్చేస్తారా? చొక్కా సైజు చాల్లేదా? తెచ్చింది మీరు. పెంచేదీ మీరే. అది బాగుందని నాకు నమ్మకం కలిగేదాకా నా కళ్ళబడకండి."

"మరి రూట్ కెనాలు?"

"అది మాత్రం చేస్తాను. పన్ను మీలా తప్పు చేయలేదు."

ఆ రోజు నుంచి రుచిత ఫోన్‌కి వీడియోలు రావడం మొదలైంది. నీలం చేపకు కలెక్టరని పేరు పెట్టాడట. జమీందారు మీద గెలవాలంటే కలెక్టరే కావాలట. ఆ హాస్యానికి రుచిత జవాబివ్వలేదు. మిగతా అన్నిటికీ ఇచ్చింది.

"ఆ గిన్నెలో మా అమ్మ పచ్చడి కలుపుతుంది. పెద్ద తొట్టి కొనండి. మూత ఉండాలి."

"గింజలు గుప్పెడు పోశారేంటి? అది మీ చెరువు కాదు. దాని పొట్ట దాని కన్నంత."

"చేతికి సబ్బు వాసన పోయేదాకా కడుక్కోండి. ఆ తర్వాత కూడా నీళ్ళలో పెట్టకండి. చేప ఒంటి మీద జిగురు పొర ఉంటుంది. అది పోతే రోగాలొస్తాయి. కుక్కపిల్లలా నిమరడానికి కాదు అదున్నది."

"మరి దోస్తీ ఎలా చేయాలండీ?" అని ఓ రోజు ఫోన్ చేశాడు.

"రోజూ ఒకే వేళకి వెళ్ళి ఎదురుగా కూర్చోండి. గాజుకి బయట నుంచి వేలు మెల్లగా జరపండి. దానికి ఇష్టమైతే వెంటవస్తుంది. లేకపోతే లేచి వచ్చేయండి."

"నన్ను చూసి గడ్డిలో దాక్కుంటోందండీ."

"తెలివైనది."

అతను కోపం తెచ్చుకోలేదు. అదే రుచితకు విసుగు. మాటకు మాట అంటే ఎదురు అనొచ్చు. ఈ మనిషి "సరేనండీ" అని వెళ్ళి అలాగే చేస్తాడు. ఇలాంటివాడితో దెబ్బలాడేదెలా?

శ్రావణం వచ్చింది. జమీందారు తోకకు కొత్త అంచు మొలుస్తోంది. ఓ వాన మధ్యాహ్నం పేషెంట్లు లేక క్లినిక్ ఖాళీగా ఉన్నప్పుడు వీడియో వచ్చింది. గాజుకి ఇవతల కిరీటి వేలు నెమ్మదిగా కుడికి జరిగింది. అవతల కలెక్టర్ కుడికి జరిగాడు. వేలు ఎడమకి. కలెక్టరూ ఎడమకి. చివర్లో కెమెరా వెనక నుంచి, చేప బెదురుతుందేమోనని గొంతు తగ్గించి, "చూశారా," అన్నాడు కిరీటి.

రుచిత దాన్ని మళ్ళీ చూసింది. ఇంకోసారి చూసింది. 'వెలుతురు సరిగ్గా లేదు' అని జవాబు కొట్టింది.

"ఎన్నిసార్లు చూస్తారు మేడమ్? చేప అంత బావుందా?" అంది హన్నా.

"స్టెరిలైజర్ ఆన్ చేశావా?"

"ఎప్పుడో చేశాను."

"అయితే ఆఫ్ చెయ్."

రెండ్రోజులు వీడియోలు రాకపోతే తన చెయ్యి దానంతటదే ఫోన్ మీదికి పోవడం రుచిత గమనించింది. సిగ్గులేదా నీకు, టన్నుల్లో చేపలమ్మేవాడి కోసం ఎదురుచూడటానికి, అని తనను తానే తిట్టుకుంది. ఇన్నాళ్ళూ ఊరందరినీ తిట్టిన నోటికి అది కొత్త.

ఆదివారం హనుమాన్ జంక్షన్‌లో ఓ స్కూల్లో దంత వైద్య శిబిరం. మధ్యాహ్నానికి అయిపోయింది. దారిలోనే కదా, కలెక్టర్ ఎలా ఉన్నాడో చూసి పోదామనుకుంది. దారి కాదని ఆటోవాడికీ తెలుసు.

చెరువు గట్టు పక్కన డాబా ఇల్లు. అరుగు మీద పేపరు చదువుతున్న పెద్దాయన బసవపున్నయ్య, కిరీటి తండ్రి.

"నువ్వేనా అమ్మా డాక్టరమ్మవి? నీ పుణ్యమా అని మావాడు పదెకరాల చెరువొదిలేసి గాజు పెట్టె ముందు కూర్చుంటున్నాడు. ఊళ్ళో నేనేం చెప్పుకోను? చేపల రైతు కొడుకు చేపతో కబుర్లాడుతున్నాడనా?"

"ఆడనివ్వండి. మనుషులతో అయితే అంతకన్నా బాగా మాట్లాడలేడు," అంది రుచిత.

బసవపున్నయ్య కళ్ళజోడు తీసి ఆమెను పరీక్షగా చూశాడు. పేపరు మడిచేశాడు.

లోపల కిరీటి కంగారుగా కుర్చీ తుడిచాడు. తొట్టిని మాత్రం రుచిత వంక పెట్టలేకపోయింది. నీళ్ళు తేటగా ఉన్నాయి, ఆకులు పచ్చగా ఉన్నాయి, మూత ఉంది. పైన ఓ మూల, కుదురుకున్న ఫైటర్ చేప కట్టే నురగ గూడు కూడా కలెక్టర్ కట్టుకున్నాడు. వంక దొరకనందుకు ఆమెకు ఒళ్ళు మండింది.

"చేతి నుంచి తింటోందా?"

"ఇంకా లేదండీ. తొందరపెట్టొద్దన్నారుగా."

"మీరు పెడితే ఎందుకు తింటుంది? ఇటివ్వండి, చూపిస్తాను."

మూత తీసి, గింజను వేలి కొసన అంటించి నీళ్ళకు పైగా పట్టుకుంది. నీళ్ళకు ఆనించి పట్టుకోవాలి. అది ఆమెకు తెలుసు. ఎందరికో చెప్పింది కూడా. కానీ కిరీటి ఎదుట గొప్పగా ఎగిరించి చూపించాలనిపించింది. ఇంకాస్త పైకెత్తింది.

కలెక్టర్ ఎగిరాడు. గింజను దాటి, వేలిని దాటి, తొట్టి అంచును దాటి నేల మీద పడ్డాడు.

 గచ్చు మీద నీలం చుక్క టపటపా కొట్టుకుంటోంది. రుచిత అలా చూస్తూ నిలబడిపోయింది.

కిరీటి మాత్రం పక్కనున్న నీళ్ళ చెంబులో చెయ్యి ముంచి తడుపుకున్నాడు. వంగి, అరచేతిని చేప కిందికి పోనిచ్చి, నొక్కకుండా ఎత్తి నీళ్ళలోకి వదిలాడు. కలెక్టర్ కాసేపు పక్కకు ఒరిగి ఉన్నాడు. మొప్పలు ఆడాయి. మెల్లగా నిటారుగా తిరిగి, ఆకుల చాటుకు పోయాడు.

కిరీటి మూత పెట్టాడు.

రుచిత ఎదురుచూసింది. ఇన్ని నెలల తిట్లకు ఇప్పుడు అతను వడ్డీతో సహా అనాలి. ఆమె అయితే అనేది.

"తిట్టండి," అంది చివరికి.

"ఎందుకండీ? మీరే భయపడిపోయారు. కూర్చోండి."

మంచినీళ్ళు తెచ్చిచ్చాడు. రుచిత గ్లాసు రెండు చేతులతో పట్టుకుని తాగింది. కళ్ళలో నీళ్ళు తిరగడం అతను చూడకూడదని ఆకుల వంక చూస్తూ కూర్చుంది.

వాన మొదలైంది. బస్టాపు దాకా కిరీటి గొడుగు పట్టాడు. గొడుగు ఆమె మీద, వాన అతని మీద.

"మీరు కూడా లోపలికి రావచ్చు. గొడుగు పట్టుకోవడం కూడా నేర్పాలా?"

వచ్చాడు.

"రుచిత గారూ, ఒక మాట. మీరు నన్ను చాలా తిట్టారు. తిట్టిన ప్రతిసారీ ఆ చేప తరఫునే తిట్టారు. నోరులేని ప్రాణం కోసం ఇంత నోరు చేసుకునే మనిషిని నేనెక్కడా చూళ్ళేదండీ. మీరు ఒప్పుకుంటే, ఆ తిట్లు జీవితాంతం పడాలనుంది."

"ఇదా నువ్వు ప్రపోజ్ చేసే పద్ధతి? బురదలో నిలబెట్టి?"

"బాలేదా అండీ?"

"అస్సలు బాలేదు. మనిషి అన్నాక ఒకసారైనా కోపం రావాలి. నీకు రాదు. సగం పళ్ళు పుచ్చిపోయాయి. మెత్తటి మాట ఒక్కటి నాకు రాదు, ఈ జన్మలో నేర్చుకోను. తెలిసి తెలిసి అడుగుతున్నావంటే బుర్ర కూడా లేదు." గుక్క తిప్పుకుంది. "అయినా నువ్వు రెండ్రోజులు వీడియో పంపకపోతే నాకు పని సాగట్లేదు కిరీటీ. ఎందుకు పంపలేదు?"

"వెలుతురు సరిచేయిస్తున్నానండీ. కొత్త లైటు పెట్టించాను."

రుచిత అతని వంక తిరిగి చూసింది.

విజయవాడ బస్సు వచ్చి నీళ్ళు చిమ్ముతూ ఆగింది. కండక్టర్ తలుపులోంచి, "ఎక్కుతారా అమ్మా?" అని అరిచాడు. రుచిత కదల్లేదు. కండక్టర్ ఇద్దరినీ ఓ చూపు చూసి రైట్ రైట్ అన్నాడు. బస్సు వెళ్ళిపోయింది.

కిరీటి ఫోన్ మోగింది. అవతల బసవపున్నయ్య గొంతు ఆమెకు కూడా వినిపించింది.

"డాక్టరమ్మ బస్సెక్కిందా?"

"లేదు నాన్నా."

"తెలుసు. గట్టు మీంచి చూస్తూనే ఉన్నా. నాలాంటోడికే ఎదురు సమాధానం చెప్పింది, పనికొస్తుంది. వానలో నిలబెట్టకుండా అన్నానికి తీసుకురా. వాళ్ళమ్మగారి నంబరు కూడా అడుగు."

కిరీటి ఫోన్ చేత్తో మూసి ఆమె వంక చూశాడు.

"కూరేంటో అడుగు ముందు," అంది రుచిత. "చేపల పులుసైతే నేను గడప తొక్కను."

"వంకాయటండీ."

"వంకాయైనా సరిగ్గా వండుతారా మీ ఇంట్లో?" అంటూ అతని చేతిలోంచి గొడుగు లాక్కుని, ఇద్దరికీ సరిపోయేలా పట్టుకుని ముందుకు నడిచింది.