జోగమ్మ కమ్మలు

రైల్వే వర్క్‌షాపు మొదటి సైరను మోగింది. దాలమ్మ టీ గ్లాసు తెచ్చి మామగారి ముందు పెట్టింది. నూకయ్య దాన్ని కాలితో పక్కకు నెట్టాడు.

“దొంగ సేతి టీ నాకొద్దు. నా పెళ్ళాం కమ్మలు ఎక్కడెట్టినావో సెప్పు. లేదంటే రేపు పలాస రైలెక్కి పుట్టింటికి పో.”

జోగమ్మ పోయి రెండు నెలలు. పెట్టెలో ఆమె కమ్మలు కనబడని రోజు నుంచి ఆ క్వార్టర్లో ఇదే గొడవ. కొడుకు గోవిందరావు తండ్రికి ఎదురు చెప్పలేక, డ్యూటీ వేళకు ముందే ఇల్లు విడిచేవాడు.

“నాను తియ్యలేదు మావయ్యా.”

“మరి కాకెత్తుకెల్లిందేటి?”

పక్కింటి చిలకమ్మ గుమ్మంలోకి తొంగిచూసింది.

“తగువు తరవాత బావా! చైనా యుద్ధం బాండ్ల సినిమాలో మన జోగమ్మక్క ఉందట. నిన్న ఖరిదా పేటలో ఏసినారు. ఇయాల మన మైదానంలో ఏస్తారు.”

“సచ్చినదాన్ని తెర మీద ఆడిస్తారేటి, సిగ్గులేనోళ్ళు!”

తిట్టాడు గానీ సాయంత్రం వెళ్ళాడు. దాలమ్మ వెనకే వెళ్ళింది.

చీకటి పడగానే ప్రచార వ్యాను వాళ్ళు బొమ్మ వేశారు. మంచుకొండల్లో సిపాయిలు నడిచారు. బంగారం ఇచ్చి బాండ్లు తీసుకోమని హిందీలో ఒక గొంతు అరిచింది.

“ఎవడిత్తాడు? ఎర్రిబాగులోడు,” అన్నాడు నూకయ్య.

అంతలో, కిందటి కార్తీకంలో ఊళ్ళో పెట్టిన బాండ్ల శిబిరం తెర మీదికి వచ్చింది. వరసలో జోగమ్మ. ఆమె కమ్మలు విప్పి పళ్ళెంలో వేసింది. దాలమ్మ వద్దంటూ చెయ్యి పట్టుకుంటే విదిలించుకుంది. కాగితం మీద కోడలి చేతే వేలిముద్ర వేయించింది.

నూకయ్య కోడలి వైపు తిరిగాడు.

“ఇన్నాళ్ళూ నోట్లో ఏటెట్టుకున్నావే?”

“బాండు అత్త నా పేరున తీసింది. ఆ కాగితం సూపిత్తే నమ్మేవోరా? దొంగ దొరికిందని ఈదంతా తిప్పేవోరు.”

“అది బతికుండగా నాకు సెప్పొచ్చు కదా!”

“ఎవులికి సెప్తాది? ఆ రోజు నుంచి సచ్చిపోయేదాకా మూడు నెలలు సెవుల్లో సీపురుపుల్లలు ఎట్టుకుని మీకు అన్నం ఎట్టింది. ఒక్కపూట తలెత్తి సూసినారా?”

చుట్టూ జనం బొమ్మ మానేసి అతన్నే చూస్తున్నారు. ఆ మూడు నెలల్లో భార్య ముఖం ఎలా ఉండేదో నూకయ్య గుర్తు చేసుకోబోయాడు. గుర్తు రాలేదు. కంచమొక్కటే కనబడింది.

మట్టిలో కూలబడి ఏడ్చాడు. “నా కోడలు దొంగ కాదు,” అన్నాడు, అందరికీ వినబడేలా.

దాలమ్మ ఓదార్చలేదు. అతను లేచేదాకా మాత్రం అక్కడే నిలబడింది.