నురగ కక్కిన రాయి

కర్నల్ బస్నేత్ బల్ల మీద ఒక శవం ఫొటో ఉంది. నది ఒడ్డున బండల మీద వెల్లకిలా పడి ఉన్న ముసలాయన పేరు గంభీర్‌మాన్ తులాధర్. కుడిచేతిలో తెరిచిన కంపాస్. నడుముకి తోలు ఒర, అందులో సుత్తి.

"కాలు జారి పడ్డాడు. కొండ అంచున నిలబడి కంపాస్ చూసుకుంటున్నాడట. పోలీసులు కేసు మూసేశారు," అన్నాడు కర్నల్.

పదమ్ లింబూ ఫొటోని కిటికీ వెలుతురులో పట్టుకున్నాడు. ఖాట్మండూ గూఢచారి శాఖలో చేరకముందు అతను జియాలజిస్టు. రాయిని చూడటం నేర్పింది ఈ ముసలాయనే.

"మూసేసిన కేసుకి నన్నెందుకు పిలిచారు?"

"చనిపోయే ముందు నాకు ఫోన్ చేశాడు. తిల్కే డ్యామ్ పునాది కింద రాయి నలిగి పిండి అయిపోయి ఉంది, అక్కడ కట్టొద్దన్నాడు. సరిహద్దు అవతలి ముఠా ఒకటి ఆ డ్యామ్ మీద కన్నేసిందని మనకి చాన్నాళ్లుగా అనుమానం. మన ఫైల్లో దాని పేరు గద్ద. డ్యామ్ నిండాక కూలిందనుకో, సిమలే బజార్ ఉండదు. ఆ తర్వాత మనం కరెంటు కోసం వాళ్ల గుమ్మం ముందు నిలబడాలి."

సిమలే బజార్ నది మలుపులోనే ఉంది. అక్కడ పదమ్ వాళ్ల అక్క టీకొట్టు నడుపుతోంది. పదమ్ పుట్టింది ఆ కొట్టు వెనక గదిలోనే.

"ఈయన్ని చంపారు సార్."

"ఫొటో చూసి చెప్పేస్తావా?"

"ఇనప సుత్తి దగ్గరుంటే కంపాస్ ముల్లు పక్కకి లాగేస్తుంది. రీడింగు తీసేముందు సుత్తి తీసి దూరంగా పెట్టాలి, మా మొదటి పాఠం అదే. ఒకసారి నేను మర్చిపోతే ఈయన నా సుత్తి లాక్కుని ఏట్లో పడేశాడు. అలాంటి మనిషి నడుముకి సుత్తి పెట్టుకుని ముల్లు చూస్తాడా? పడ్డాక ఎవరో అలంకరించారు."

"కళ్లారా చూసిన సాక్షి ఉంది. మన ఏజెంటే. ఉజ్జ్వలా రాణా, కోడ్ పేరు చకోర్. కన్సల్టెంట్ కంపెనీలో పీఆర్ ఆఫీసరుగా పెట్టించాం."

"అయితే మీ చకోర్ అబద్ధమాడింది."

"నోరు జాగ్రత్త లింబూ. ఆమెని శాఖలోకి తెచ్చింది నేను."

"అందుకే మీకు చెబుతున్నా."

కర్నల్ మొహం ఎర్రబడింది. అయినా పని అప్పగించాడు. పదమ్ మారుపేరు పురుషోత్తమ్ కార్కీ. చావు క్లెయిము తేల్చడానికి వచ్చిన బీమా ఆఫీసరు. రాయికీ ఇటుకకీ తేడా తెలియని మనిషి. శాఖవాళ్లు రహస్య కెమెరా ఉన్న పెన్నొకటి ఇచ్చారు. పదమ్ తనంతట తను కంటి చుక్కల సీసా ఒకటి కొనుక్కుని, మందు పారబోసి, పలచటి యాసిడ్ నింపుకున్నాడు.

* * *

తిల్కే లోయలో బస్సు దిగగానే ఎర్ర శాలువా కప్పుకున్న ఆవిడ ఎదురొచ్చింది. నల్లకళ్లద్దాలు, ముత్యాల దండ, అంత బురదలోనూ మెరుస్తున్న బూట్లు.

"కింద నారింజలు పండాయా కార్కీజీ?"

"పండినవి కోతులు తినేశాయి, పుల్లవి నాకు మిగిలాయి," అని కోడ్ మాట అప్పజెప్పాడు పదమ్.

ఉజ్జ్వలా రాణా నవ్వింది. ఆ నవ్వు చూసి శాఖలో సగంమంది ఆవిడ వెంట తిరగడానికి సెలవు చీటీలు రాసేవారని పదమ్ విన్నాడు. వాళ్లని తప్పు పట్టలేకపోయాడు.

"పాపం ముసలాయన. నా కళ్లముందే జారిపోయాడు. నడుముకి సుత్తి, చేతిలో కంపాస్. ఎప్పుడూ అలాగే తిరిగేవాడు."

"ఎప్పుడూనా?"

"ఎప్పుడూ."

పదమ్ జేబురుమాలుతో మొహం తుడుచుకున్నాడు. చెమట పట్టి కాదు. మొహంలోకి వచ్చిన కోపం ఆవిడకి కనపడకూడదని.

పునాది గుంట కొండని నిలువునా కోసి తవ్వారు. డ్యామ్ పనిలో ఒక పద్ధతి ఉంది. తవ్విన రాతిని నీళ్లతో కడిగి, బ్రష్షులతో రుద్ది, తెల్లరంగుతో గళ్లు గీస్తారు. జియాలజిస్టు ఒక్కో గడిలో మోకాళ్ల మీద కూర్చుని, ప్రతి పగులూ మ్యాపులో ఎక్కిస్తాడు. ఆయన సంతకం పడ్డాకే కాంక్రీటు. ఎందుకంటే ఒకసారి కాంక్రీటు పడ్డాక ఆ రాయి మొహం మళ్లీ లోకంలో ఎవరికీ కనపడదు. గంభీర్‌మాన్ ఎడమ గట్టు నుంచి గడులు నింపుకుంటూ వచ్చి, సరిగ్గా నడిమధ్యకి చేరాక చనిపోయాడు. మిగతా సగం విదేశీ కన్సల్టెంట్ డాక్టర్ వోస్ పూర్తిచేసి సంతకం పెట్టేశాడు.

"ఇంత గట్టి రాయి ఆసియాలో లేదు," అన్నాడు వోస్, బూటుతో నేలని తన్ని.

"మరి ఇది మెరుస్తోందేమిటండీ?" అమాయకంగా అడిగాడు బీమా ఆఫీసరు.

"అభ్రకం. మీకు అర్థం కాదులెండి."

చీఫ్ ఇంజనీరు లోకనాథ్ దాహాల్ ఆ మాటకి పెద్దగా నవ్వాడు. మర్నాడు మంత్రి వస్తున్నాడు, మొదటి కాంక్రీటు పడుతుంది. దాహాల్ కొత్త దౌరా సురువాల్ కుట్టించుకున్నాడు, గడ్డం నున్నగా గీయించుకున్నాడు, ఫొటోలో ఎక్కడ నిలబడాలో కూడా చూసి పెట్టుకున్నాడు.

"గంభీర్ దాజు మాకు అన్నలాంటివాడే గానీ భయమెక్కువ కార్కీజీ. గీత కనిపిస్తే చాలు, డ్యామ్ జరపండి అనేవాడు. ఆయన మాట వింటే మనం డ్యామ్‌ని తిప్పుకుంటూ చైనా దాకా పోవాలి."

అందరూ నవ్వారు. పదమ్ కూడా నవ్వాడు. పళ్ల మధ్య నాలుక కొరుక్కుని నవ్వాడు.

* * *

మర్నాడు పొద్దున కూలీలు పైన పందిరి వేస్తుంటే పదమ్ గుంటలోకి దిగాడు. ఎడమ గట్టు రాయి మీద యాసిడ్ చుక్క వేశాడు. ఏమీ కాలేదు. ఆ కొండ రాయి యాసిడ్‌కి చలించదు. నడిమధ్య గడులకి వచ్చి ఇంకో చుక్క వేశాడు.

రాయి నురగ కక్కింది.

అది రాయి కాదు. యాసిడ్ తగిలితే పొంగే సున్నం కలిసిన సిమెంటు పూత. మసి కలిపి, అభ్రకం పొడి చల్లి, చుట్టూ ఉన్న రాతిలా దిద్దారు. ఆ పూత కింద ఏముందో చూసినందుకే ముసలాయన్ని చంపారు.

ఫోన్ తీసి కర్నల్‌కి చెప్పాడు.

"ఫొటో పంపు," అన్నాడు కర్నల్.

"నురగ ఫొటోలో ఏం కనపడుతుంది సార్, తడి మచ్చ తప్ప? కాంక్రీటు ఆపించండి."

"మంత్రి దారిలో ఉన్నాడు. నీ చుక్క చూసి ఆపమంటావా? రిపోర్టు రాసి పంపు. కమిటీ వేయిస్తా."

"ఈ పూటతో అది కాంక్రీటు కింద పూడిపోతుంది. కమిటీ ఏం చూస్తుంది, మంత్రి ఫొటోనా?"

అవతల కర్నల్ ఫోన్ పెట్టేశాడు.

"కళ్లమందు రాళ్లకి వేస్తున్నారేమిటి కార్కీజీ?"

వెనక ఉజ్జ్వల. శాలువా మడతలోంచి చిన్న పిస్తోలు మూతి బయటికి చూస్తోంది.

"ఆయన్ని నువ్వే తోశావా?"

"ఛీ. తోసింది వోస్ మనిషి, మీ ఫైల్లో గద్ద ముఠావాడు. నేను చేతిలో కంపాస్ పెట్టానంతే. సుత్తి కూడా నేనే పెట్టాను. చూడ్డానికి బావుంటుందని."

"బావుంటుందని," అన్నాడు పదమ్. "ఆయన నీకు ఏం చేశాడు?"

"ఏమీ చెయ్యలేదు. ప్రభుత్వం లాక్కున్న మా తాతల మేడలో ఇప్పుడు పశువుల శాఖ ఉంది లింబూ. ఈ దేశం మునిగితే నేనెందుకు ఏడవాలి?"

"సిమలే బజార్లో మేడలు లేవు. టీకొట్లు, బడి, గేదెలు. నీ తాతల మేడ కట్టిన కూలీలు కూడా ఆ ఊరివాళ్లే."

పైన బాజాలు మోగాయి. మంత్రి కారు దిగాడు. కాంక్రీటు బకెట్ కేబుల్ మీద కదిలి గుంట నడిమధ్యకి జరగడం మొదలెట్టింది. పదమ్ పక్కనే గుంట కడిగే నీళ్ల గొట్టం పడి ఉంది. పంపు ఆగలేదు, గొట్టం మూతి మాత్రం బిగించి ఉంది.

అతను తాపీగా వంగి గొట్టం తీసుకున్నాడు.

"కదిలితే కాలుస్తా."

"కాల్చు. ఆ చప్పుడికి బాజాలు ఆగుతాయి. ఊరంతా ఈ గుంటలోకి తొంగి చూస్తుంది. నాకు కావలసింది అదే."

ఉజ్జ్వల వేలు బిగిసింది గానీ నొక్కలేదు. పదమ్ గొట్టం మూతి విప్పాడు.

నీటిధార కొరడాలా పడింది. పూత పెచ్చులు పెచ్చులుగా ఎగిరిపోయింది. కింద నుంచి నల్లటి బంక, పిసికిన పిండిలాంటి మట్టి, గట్టు నుంచి గట్టుకి చారలా బయటపడి జారడం మొదలెట్టింది.

బాజాలు ఆగిపోయాయి. వోస్ గట్టు మీద నుంచి క్రేన్ మనిషికి పచ్చజెండా ఊపుతూ అరిచాడు.

"వదులు. బకెట్ వదులు."

మంత్రి సభ కోసం వరసలో నిలబడ్డ దాహాల్ కిందికి చూశాడు. అప్పటిదాకా గట్టి రాయి అని ఎంతమందికి చెప్పాడో అతనికే తెలుసు. మెట్లు కూడా వెతుక్కోలేదు. కొత్త బట్టలతోనే గట్టు మీద నుంచి జారుకుంటూ దిగాడు. ఆ బంకలో చెయ్యి పెట్టాడు. చెయ్యి మణికట్టు దాకా దిగింది.

లేచి సరిగ్గా బకెట్ కింద నిలబడి రెండు చేతులూ పైకెత్తాడు.

"వదలరా, నా నెత్తి మీద వదులు. దీని మీద డ్యామ్ కడితే ఎలాగూ నన్ను పూడ్చిపెట్టాల్సిందే."

క్రేన్ మనిషి మీట వెనక్కి లాగాడు. అప్పటికే తెరుచుకోబోయిన బకెట్ మూతి ఠపీమని మూసుకుంది. ఒక్క ముద్ద కాంక్రీటు మాత్రం దాహాల్ టోపీ మీద పడింది. అతను తుడుచుకోలేదు.

వోస్ జీపు వైపు పరిగెత్తాడు. ఉజ్జ్వల రెప్పపాటులో పిస్తోలు అటు తిప్పింది.

"ఆగు వోస్. నేను ప్రభుత్వ గూఢచారి శాఖ మనిషిని."

వోస్ చేతులెత్తాడు. మంత్రితో వచ్చిన కానిస్టేబుళ్లు అతన్ని పట్టుకున్నారు. పదమ్ వెనక నుంచి ఆవిడ మణికట్టు పట్టుకుని పిస్తోలు లాగేసుకున్నాడు.

"నిన్న ఏ శాఖ దిదీ?"

"ఏ శాఖ గెలిస్తే ఆ శాఖ," అంది ఉజ్జ్వల. ఈసారి నవ్వలేదు.

దాహాల్ మట్టి చేత్తోనే పదమ్ భుజం పట్టుకున్నాడు. "గంభీర్ దాజు నాకు మూడుసార్లు చెప్పాడు. నేను వినలేదు."

"తెలుసు," అన్నాడు పదమ్. ఓదార్చాలని అతనికి అనిపించలేదు. "మిగతా గడులు ఇవాళ గీద్దాం. సుత్తి గట్టు మీద పెట్టి రండి."

మంత్రి మాత్రం అంత దూరం వచ్చి ఊరికే వెళ్లలేదు. రిబ్బన్ కత్తిరించే వెళ్లాడు. మర్నాటి పత్రికల్లో ఆయన తిల్కే గుంటని జాతికి అంకితం చేసినట్టు ఫొటోతో సహా పడింది.