రైట్ చెప్పకుండా కదలని బండి

పొద్దున్నే కండక్టరమ్మ భర్త చొక్కా ఇస్త్రీ చేస్తోంది. ఆవిడ టిక్కెట్లు కొట్టే బస్సుకు ఆయనే డ్రైవరు. బస్సులో ఆవిడ "రైట్" అంటే గానీ చక్రం కదలదు. ఇంట్లో మాత్రం ఆయనది డ్రైవరు తొందరే, ఎవరి మాటా వినిపించుకోడు.

బస్సు కంపెనీ ఆరు నెలల జీతాలు ఎగ్గొట్టడంతో డిపో అంతా కలిసి కోర్టుకెక్కింది. ఇవాళ వీళ్ళిద్దరూ సాక్ష్యం చెప్పాలి. అందుకే ఆవిడ హుషారుగా ఉంది.

"ఆ చొక్కా కోర్టుకి కాదు," అన్నాడాయన, టీ గ్లాసులోకి చూస్తూ. "మేనేజరు దగ్గరికి. మనిద్దరం కేసులోంచి తప్పుకుంటామని నిన్న మాటిచ్చాను. సగం జీతం సాయంత్రానికల్లా ఇస్తానన్నాడు."

ఇస్త్రీపెట్టె ఉన్నచోటే ఉండిపోయింది.

"మనిద్దరమా? నన్నెప్పుడు అడిగారు?"

"అడిగితే ఒప్పుకుంటావా? అమ్మాయి ఫీజు ఎవరు కడతారు, జడ్జిగారా?"

"నెపం నా ఫీజు మీద పెట్టకు నాన్నా," అంది కూతురు, గదిలోంచి తల దువ్వుకుంటూ వచ్చి. "కాలేజీలో అడిగాను. కొంచెం కొంచెంగా కట్టమన్నారు. అమ్మా, చొక్కా కాలుతోంది."

కండక్టరమ్మ ఇస్త్రీపెట్టె గబుక్కున పైకెత్తింది. అప్పటికే చొక్కా వీపు మీద గోధుమరంగు మచ్చ పడింది.

"ఇన్నేళ్ళలో నేను రైట్ చెప్పకుండా ఎప్పుడైనా బండి తీశారా?"

"అదెలా తీస్తాను? మెట్టు మీద ఎవరైనా ఉంటే పడిపోరూ?"

"మరి ఇవాళ మెట్టు మీద డిపో అంతా ఉందండీ. నేనూ ఉన్నాను."

ఆయన గ్లాసు కింద పెట్టాడు. తలెత్తేసరికి కళ్ళు తడిసి ఉన్నాయి.

"భయమేసిందే," అన్నాడు. "గెలవకపోతే మీ ఇద్దరి మొహాలూ ఎలా చూడాలా అని. మరి మేనేజరుకేం చెప్పను?"

"మా కండక్టరు రైట్ చెప్పలేదనండి."

కూతురు ఫక్కున నవ్వింది. ఆయన కాలిన చొక్కానే తొడుక్కున్నాడు.

వాకిట్లో స్కూటరు స్టార్టు చేశాడు. ఆవిడ వెనక కూర్చుని సంచి ఒళ్ళో పెట్టుకుంది. బండి మాత్రం కదల్లేదు.

"ఏమైంది, పెట్రోలు లేదా?"

"నువ్వింకా చెప్పలేదుగా," అన్నాడాయన, వెనక్కి తిరక్కుండా.

కండక్టరమ్మ ఆ కాలిన మచ్చ మీద చెయ్యి వేసి, మెల్లగా రెండుసార్లు తట్టింది.

"రైట్, రైట్."