మొహం తిప్పని పెర్సియస్

దుమ్ము!

ఎదురుగా రోడ్డు లేదు. ఆకాశం లేదు. గోధుమరంగు గోడ ఒక్కటే ముంచుకొస్తోంది. సాయంత్రం ఐదైనా కాలేదు, అరిజోనాలోని చాండ్లర్ ఊరంతా చీకటైపోయింది.

చరిత స్టీరింగ్‌ని బిగించి పట్టుకుంది. పక్క సీట్లో చెక్కపెట్టె. దానికి కూడా సీట్ బెల్ట్ పెట్టింది.

అద్దంలో రెండు లైట్లు...

మ్యూజియం గేటు దాటినప్పటి నుంచీ అవే లైట్లు!

ఆమె లేన్ మారుతుంది. అవీ మారతాయి.

స్పీడ్ తగ్గిస్తుంది. అవీ తగ్గుతాయి.

దివాకర్!

మ్యూజియం సెక్యూరిటీ మేనేజర్. ఆమె పెట్టె మోసుకుని బయటికొస్తుంటే కెమెరా రూమ్‌లోంచి చూశాడు. వెంటనే ట్రక్ తాళాలు చేతిలోకి తీసుకున్నాడు.

పెట్టెలో ఉన్నది గ్రీకు కూజా. రెండున్నర వేల ఏళ్ళ నాటిదని నిన్నటి దాకా ఆమె నమ్మకం.

దాని మీద బొమ్మ మెడూసాది. జుట్టంతా పాములే. ఆమె కళ్ళలోకి చూసినవాడు చూసినట్టే రాయైపోతాడు. అందుకే ఆమెని చంపడానికి వచ్చిన పెర్సియస్ మొహం పక్కకి తిప్పుకుని కత్తి దూస్తాడు. గ్రీకుల కథ అది. ఆ కథ తెలిసినవాళ్ళెవరూ ఇంకోలా గీయరు.

మ్యూజియం వస్తువుల బాధ్యత చరితదే. ఈ రోజు పొద్దున దాన్ని ఫోటో తీయబోయి ఆగిపోయింది.

పెర్సియస్ మెడూసా కళ్ళలోకి సూటిగా చూస్తున్నాడు!

కిందటేడు తాను తీసిన ఫోటోలో అతని మొహం పక్కకే ఉంది. అంటే... ఎవరో మార్చేశారు!

అదీ ఇప్పుడు. వచ్చే వారం ఫెడరల్ ఏజెంట్లు వస్తున్నారు. గ్రీసులో సమాధి తవ్వి దొంగిలించిన కూజా అని తేలింది. తిరిగి అప్పజెప్పాలి.

ఆ కూజా ఉన్న గాజు బీరువా తాళాలు ముగ్గురి దగ్గరే ఉంటాయి. తన దగ్గర. దివాకర్ దగ్గర. ఆమె అంకుల్ అని పిలిచే మ్యూజియం ఓనర్ డాక్టర్ భీమశంకరం దగ్గర.

తాను తీయలేదు. అంకుల్ తన వస్తువు తనే ఎందుకు దొంగిలిస్తారు?

మిగిలింది ఒక్కడే.

అంకుల్‌కే ఫోన్ చేసింది. గుండె ఆపరేషన్లు చేసి చేసి రిటైరైన మనిషి. గొంతు ఎప్పుడూ నెమ్మదే.

"ఎవరికీ చెప్పకమ్మా. పోలీసులకి అసలే వద్దు. నీది హెచ్-వన్-బి వీసా, అనవసరంగా నీ పేరు పడుతుంది. దాన్ని ఇంటికి పట్టుకురా. ముందు తలుపు వద్దు. గరాజ్ డోర్ సగం ఎత్తి ఉంచుతాను, అందులోంచి వచ్చెయ్."

అందుకే ఈ ప్రయాణం!

లైట్లు దగ్గరికొచ్చేశాయి.

చరిత చటుక్కున కారుని రోడ్డు పక్కకి దింపుతుంది. లైట్లన్నీ ఆర్పేస్తుంది. బ్రేక్ మీంచి కాలు తీసేస్తుంది. వెనకవాళ్ళు లైట్లు చూసి వచ్చి గుద్దకుండా, అరిజోనా దుమ్ము తుఫానులో అందరికీ నేర్పే జాగ్రత్త అదే.

ట్రక్ దూసుకుపోయింది.

హమ్మయ్య...

కాదు! ఆగింది. రివర్స్‌లో వస్తోంది!

టార్చ్ వెలుతురు ఊగుతూ దగ్గరైంది. అద్దం మీద దబదబా దెబ్బలు.

"మేడమ్! డోర్ తియ్యండి! ఏం తీస్కపోతున్నరు ఆ డబ్బాల?"

"తప్పుకోండి దివాకర్! డాక్టర్ గారే తెమ్మన్నారు!"

"సార్‌కి ఫోన్ చేసిన. నేనేం తెమ్మనలే అన్నడు!"

అబద్ధం!

అతని చెయ్యి నడుము దగ్గరికి వెళ్ళింది. అక్కడ గన్ ఉంటుంది. రోజూ చూసేదే.

చరిత ఆక్సిలరేటర్ తొక్కింది. టైర్లు కీచుమన్నాయి. అతను పక్కకి దూకాడు.

ఆమె అంకుల్‌కి డయల్ చేసింది.

"దివాకర్ నన్ను ఫాలో అవుతున్నాడు అంకుల్! మీరేం తెమ్మనలేదని అంటున్నాడు!"



"ఒక్కదానివే వస్తున్నావా అమ్మా?"

"అవునంకుల్."

"మంచిది. వచ్చెయ్."

ఫోన్ కట్.

మంచిదా? ఏం మంచిది?

వెనక్కి తిరుగుదామంటే వెనక దివాకర్. ముందుకి వెళ్తే అంకుల్ ఇల్లు. ఆమె ముందుకే వెళ్ళింది.

గరాజ్ డోర్ సగం ఎత్తి ఉంది. లోపల లైటు. పెట్టె పట్టుకుని వంగి దూరింది.

"ఎవరది?"

ఉమామహేశ్వరి ఆంటీ! డాక్టర్ గారి భార్య. చేతులకి మట్టి. పక్కన కుండలు చేసే చక్రం. ఒకప్పుడు పాథాలజిస్ట్. రిటైరయ్యాక గరాజ్‌లో కుండలు చేస్తూ, వాటి మీద బొమ్మలు వేస్తూ ఉంటుంది.

"చరితా! ఈ దుమ్ములో ఏంటమ్మా?"

"అంకుల్ రమ్మన్నారు."

"నన్ను గుడికి పంపి, నిన్ను రమ్మన్నారా? గాలికి భయపడి సగం దారిలోంచి వచ్చేశాను కాబట్టి ఉన్నాను."

చరిత పెట్టె తెరిచింది. ఆంటీ ఒక్క చూపు చూసి పెదవి కొరుక్కుంది.

"ఇది నేను చేసిందే."

"ఆంటీ!"

"సేఫ్టీ కోసం కాపీ చెయ్యమన్నారు. ఒరిజినల్ బ్యాంక్ లాకర్‌లో పెడతానన్నారు. ఎందుకో అనుమానమొచ్చింది. అందుకే పెర్సియస్ మొహం తిప్పలేదు. కథ తెలిసినవాళ్ళు ఎవరైనా పట్టుకుంటారని."

"అంకుల్ చూళ్ళేదా?"

"నకిలీదాన్ని ఆయనెందుకు చూస్తారు? ప్రాణమంతా అసలుదాని మీదే." ఆంటీ బల్ల మీది గుడ్డ లాగేసింది. "ఇప్పుడే ఆయన బట్టల బీరువాలో దొరికింది."

కూజా! మొహం పక్కకి తిప్పుకున్న పెర్సియస్!

ఇంటి లోపలి తలుపు తెరుచుకుంది.

భీమశంకరం. చేతిలో పిస్టల్!

"నువ్వు ఇంట్లో లేవనుకున్నాను ఉమా." అదే నెమ్మది గొంతు.

చరితకి అప్పుడర్థమైంది. మ్యూజియం కెమెరాలో పెట్టె మోసింది తాను. గరాజ్‌లోకి దొంగలా దూరింది తాను. కూజా మార్చిందీ తానే అవుతుంది. తాను చచ్చిపోతే అసలుది ఎక్కడ దాచిందో ఏజెంట్లకి చెప్పేవాళ్ళే ఉండరు, అది ఆయన దగ్గరే ఉండిపోతుంది!

"దొంగ ఇంట్లో దూరింది. భయపడి కాల్చాను. ఎవరైనా నమ్ముతారు," అన్నాడతను. "తప్పుకో ఉమా."

ఆంటీ చరితకి అడ్డంగా వచ్చి నిలబడింది.

"తప్పుకోను."

పిస్టల్ కదల్లేదు. సూటిగా భార్య గుండెకే ఉంది. వేలు ట్రిగ్గర్ మీద బిగుసుకుంటోంది...

ఆంటీ చెయ్యి చాచి అసలు కూజాని అందుకుంది. రెండు చేతులా ఎత్తి గుండెకి అడ్డం పెట్టుకుంది.

అతని వేలు ట్రిగ్గర్ మీంచి తప్పుకుంది!

"ఉమా... కింద పెట్టు. జాగ్రత్తగా..."

గరాజ్ డోర్ కింద నుంచి ఓ శరీరం దొర్లుకుంటూ లోపలికొచ్చింది. ఒంటి నిండా దుమ్ము. చేతిలో గన్.

"ఎవ్వరు కదలొద్దు!"

దివాకర్!

"దొంగ అదిగో! కాల్చు దివాకర్!" అన్నాడు భీమశంకరం.

దివాకర్ గన్ చరిత వైపు తిరిగింది. అతని కళ్ళు ఆమె ఖాళీ చేతుల మీద పడ్డాయి. పెట్టెలో ఒక కూజా. సార్ భార్య చేతుల్లో ఇంకోటి. సార్ చేతిలో పిస్టల్...

"సార్... రెండెందుకున్నయి?"

భీమశంకరం చటుక్కున పిస్టల్‌ని దివాకర్ వైపు తిప్పాడు.

ఢాం! పేలింది దివాకర్ గన్.

పిస్టల్ ఎగిరి కాంక్రీటు మీద పడింది. భీమశంకరం గోడకి జారగిలబడిపోయాడు. భుజం మీద నొక్కుకున్న వేళ్ళ సందుల్లోంచి నెత్తురు.

కళ్ళు ఇంకా భార్య వైపే ఉన్నాయి.

"ఉమా..." పెదవులు కదిలాయి. "దానికేం కాలేదు కదా?"